గీయొద్దన్న గోడ

"ఈ టీ నాకొద్దు భాభీ. మోటాభాయ్‌కు కాచిన గిన్నెలోదే నాకూ పోస్తే గొంతు దిగదు."

తరులత అటు తిరిగి పడుకోబోయింది. కట్టు కట్టిన భుజం తిరగనివ్వలేదు. మళ్ళీ వెల్లకిలా పడి పైకప్పును చూస్తూ ఉండిపోయింది. నడియాద్‌లో అన్న గీసి కట్టించిన తన ఇంటి వసారా కప్పు కుంగి పెచ్చులు మీద పడ్డ నాటి నుంచి ఆమె ఏ కప్పు కిందా నిమ్మళంగా కళ్ళు మూయడం లేదు.

"నీకు విడిగానే పెట్టాను తరూ. అల్లం ఎక్కువేశాను" అంది కుముద్.

"అబద్ధం. ఈ ఇంట్లో అందరికీ వచ్చు అది. మోటాభాయ్ పుస్తకంలో రాస్తాడు, నువ్వు వంటింట్లో చెబుతావు."

కుముద్ కప్పూ సాసరూ స్టూలు మీద పెట్టింది. ఆడపడుచు మోటాభాయ్ అనేది తన అన్నను, కుముద్ భర్తను. నిజానికి కుముద్ ఒకే గిన్నెలో కాచింది.

ముందు గదిలోకి వెళ్తూ గడప వైపు చూసింది. కొన్నాళ్ళుగా అదే అలవాటు. చెప్పులన్నీ ఉన్నాయి. కోడలు ఖేవనా నీలం చెప్పులు, కొడుకు సౌమిల్ బూట్లు. కాకపోతే నిన్నటిదాకా అవి ఇంటి వైపు మొహం పెట్టి ఉండేవి. ఇవాళ వీధి వైపు తిరిగి ఉన్నాయి.

ఆ ఇంట్లో గదులకు తలుపులు లేవు. ఇటుకల మీద సున్నం పూత కూడా లేదు. కుముద్ భర్త, ఆర్కిటెక్టు నిరంజన్ ధోళకియా అహ్మదాబాద్‌లో తనకోసం తాను కట్టుకున్న ఇల్లది. ఒక్క కుటుంబానికి మధ్యలో తలుపులెందుకని ఆయన వ్యాసం రాశారు. ఆ వ్యాసాన్ని కాలేజీలో పాఠం చెప్పారు. తర్వాత ఆ పాఠంలో పెళ్ళాం బిడ్డల్ని కాపురం పెట్టారు. అందుకే లోపల తరులత అన్నమాట ఉయ్యాల బల్ల మీదున్న ఆయనకు వినబడింది. ఆయన అనబోయేది ఆమెకూ వినబడుతుంది.

"వద్దన్నదాన్ని బతిమాలకు. ఆకలైతే అదే తాగుతుంది" అన్నారు నిరంజన్.

"ఆవిడ సంగతి తర్వాత. సాయంత్రం ప్రిన్సిపాల్ వచ్చేసరికి మీరు ఏం రాసిస్తారో అది చెప్పండి" అన్నాడు సౌమిల్. భోజనాల బల్ల దగ్గర కూర్చున్నాడు. ముందు పెట్టిన కరకరలాడే ఖాఖరా రొట్టెను తినకుండా చిన్న చిన్న ముక్కలు చేస్తున్నాడు.

"నా మాట నేను రాయిస్తాను. నీకు ముందుగా చూపించాలా?"

"చూపించాలి. మీ మాట మీదే కాలేజీలో ఖేవనా ఉద్యోగం ఉంది. ఆ మాటే రేపు ఆర్కిటెక్టు లైసెన్సు ఇచ్చేవాళ్ళ దగ్గరికీ పోతుంది. నడియాద్ వసారాలో ఆమె కొట్టించిన ఆ గోడ ఒకప్పుడు నేనే కట్టించానని ఒక్క ముక్క రాస్తే ఆమె మళ్ళీ క్లాసుకి వెళ్తుంది. లేకపోతే పాఠమూ లేదు, ప్లానూ లేదు. అవునా కాదా?"

"నువ్వు పంపులమ్ముకునేవాడివి. నీకు గోడల గురించి ఏం తెలుసు?"

"నీళ్ళు పల్లానికే పోతాయని తెలుసు పప్పా. ఈ ఇంట్లో తప్పులు కూడా అటే పోతాయి. మీ దగ్గర మొదలై ఎవరు కింద ఉంటే వాళ్ళ మీదికి."

ఉయ్యాల గొలుసు ఒకసారి కిర్రుమంది. నిరంజన్ కాలు నేలకు ఆనించి ఆపారు. ఆయన చూపులో నడిమి భాగం పోయింది, అంచులే మిగిలాయి. ఎవరినైనా చూడాలంటే మొహం పక్కకు తిప్పుకోవాలి. ఇప్పుడు కొడుకును చూడటానికి అలాగే తిప్పారు. చూసేవాళ్ళకు అది మొహం చాటేసినట్టే ఉంటుంది.

"గోడ కొట్టే ముందు కప్పుకు ఆసరాలు పెట్టిందా, అడుగు నీ భార్యని. ఇంజనీరును పిలిచిందా? ఒక్క ఇటుక తీసి ఆగి చూసిందా?"

కిటికీ దగ్గర నిలబడ్డ ఖేవనా ఇటు తిరిగింది.

"లేదు. పుస్తకం చూశాను."

"పుస్తకం మీద కప్పు నిలబడదు."

"ఆ మాట పుస్తకంలో రాయాల్సింది సర్."

కుముద్ చేతిలో పళ్ళెం ఆగిపోయింది. పెళ్ళయి ఈ గడప తొక్కిన రోజు నుంచి ఖేవనా మామగారిని పప్పా అనే పిలిచింది. సర్ అన్నది అంతకు ముందు, ఆయన దగ్గర చదువుకునే రోజుల్లో. ఆ పిలుపు ఇవాళ వెనక్కి వచ్చిందంటే మధ్యలో ఉన్నదంతా తుడిచేసుకుందన్నమాట.

"నడియాద్ తీసుకెళ్ళేవారు మమ్మల్ని. గుర్తుందా సర్? కొత్తగా చేరిన పిల్లలందర్నీ బస్సులో. టేపు పట్టుకుని ఇల్లంతా కొలవాలి, ఉన్నది ఉన్నట్టు గీయాలి. అదే పరీక్ష. నేను గీశాను. వసారా మధ్యలో ఉన్న గోడ కూడా గీశాను, మందం కొలిచి మరీ. మీరు ఎర్ర పెన్సిల్‌తో కొట్టేశారు."

"అందరిదీ కొట్టేశాను."

"క్లాసు మొత్తం ముందు అడిగారు నన్ను. ఇల్లు గీస్తున్నావా, ఇంటావిడ పిరికితనం గీస్తున్నావా అని. గీయొద్దన్నారు. ఆ ఇంటావిడ పక్కనే నిలబడి మాకు మజ్జిగ పోస్తోంది."

"ఉప్పేసి మరీ పోశాను" అంది లోపల్నుంచి తరులత.

ఖేవనా ఆ గది వైపు చూసింది.

"ఏటా వచ్చేవారు ఆ పిల్లలు" తరులత గొంతు గదిలోంచి నెమ్మదిగా, విరామం లేకుండా వస్తోంది. "నా వసారాలో నిలబడి నన్ను జాలిగా చూసేవారు. ఎంత గొప్ప ఇల్లు, ఈవిడ చేతిలో పడి ఎలా చెడిందో అని. మోటాభాయ్ ముందే చెప్పాడు నాకు, తరూ, నువ్వు నోరెత్తకు, ఇది చదువు వ్యవహారం అని. అన్న కదా అని ఎత్తలేదు. కప్పు నెత్తిమీద పడ్డాక కూడా ఎత్తొద్దా?"

"ఎత్తుతూనే ఉన్నావుగా" అన్నారు నిరంజన్.

"అయితే చెప్పు. సెంట్రింగు తీయగానే ఆ కప్పు వంగిందా లేదా? నువ్వు వచ్చి చూసి, మొహం మాడ్చుకుని, మర్నాటికల్లా దాని కింద గోడ పెట్టించావా లేదా? ఆ తర్వాత పుస్తకంలో ఇంటివారు భయపడి అడ్డుగోడ కట్టుకున్నారని రాశావు. ఆ వాక్యం అచ్చుకి వెళ్ళే ముందు చదివి వినిపించింది కూడా మీ ఇంటావిడే."

కుముద్ తల ఎత్తలేదు.

"పాఠం వేరు, పని వేరు" అన్నారు నిరంజన్. ఆయన గొంతు ఇప్పుడు క్లాసులో గొంతు. "బొమ్మలో అడ్డమొచ్చినవి తీసేయాలి. అప్పుడే పిల్లలకు ఆలోచన కనబడుతుంది. అందరూ అలాగే వేస్తారు. కట్టినదాన్ని యథాతథంగా వేస్తే అది మున్సిపాలిటీ కాగితం అవుతుంది, పుస్తకం కాదు."

"నేను దాన్ని మీ మాట అనుకున్నాను. మీ ఆలోచన అనుకోలేదు" అంది ఖేవనా. "అదే నా తప్పు. ఇటుకలు చూస్తూ కూడా పుస్తకాన్ని నమ్మాను. ఒప్పుకుంటాను, రాసిస్తాను, సంతకం పెడతాను. మరి మీది?"

ఆయన కాలితో నేలను నెట్టి మళ్ళీ ఉయ్యాల ఊగించారు. ఖేవనా లోపలికి వెళ్ళిపోయింది. సౌమిల్ ముక్కల పళ్ళెం పక్కకు నెట్టి, తాళ్ళు కొనుక్కొస్తానని స్కూటరు తీశాడు. తాళ్ళెందుకో ఎవరూ అడగలేదు.

*

ఖేవనా తన పుస్తకాలు దొంతర్లుగా పేర్చి పాత చీర పేలికలతో కడుతోంది. పక్కనే నిరంజన్ పుస్తకం కొత్త కూర్పు కోసం సరిచూస్తున్న అచ్చు కాగితాలు. విద్యార్థులంతా ఎర్రట్ట పుస్తకం అని పిలుచుకునేది దాన్నే. ఇంగ్లీషు రాని పిల్లలు, మేస్త్రీలు, కాంట్రాక్టర్లు కూడా చదవాలని నిరంజన్ పట్టుబట్టి గుజరాతీలో రాసిన పుస్తకం. కొత్త కూర్పులో నడియాద్ ఇంటికి కొత్త ఫోటోలు వేద్దామనుకున్నారు. ఫోటోల్లో గోడ ఉంటే బొమ్మతో పొసగదు. అక్కడే మొదలైంది అంతా.

"బా, ఈ ముడి మీద వేలు పెడతారా?"

అత్తగారిని బా, అంటే అమ్మా, అనే పిలుస్తుంది కోడలు. కుముద్ వంగి వేలు పెట్టింది. పెట్టాక తెలిసింది తను దేనికి సాయం చేస్తోందో. తీసేద్దామనుకుంది. అప్పటికే ముడి బిగిసింది.

"ఎక్కడికి బేటా?"

"మణినగర్‌లో సౌమిల్ స్నేహితుడి ఇల్లు ఖాళీగా ఉంది."

"అదెంత దూరం. నది దాటితే చాలు."

"దూరం కాదు బా. తలుపులుంటాయి."

కుముద్ పక్కనే కూర్చుంది. ఆమె జన్మలో వీడ్కోళ్ళన్నీ ఇలాగే జరిగాయి, ఏదో చెప్పాలని నోరు తెరిచేలోపు. భావ్‌నగర్ స్టేషన్లో అన్నయ్య ఎక్కిన రైలు ఆమె మొదటి మాట దగ్గరే కదిలింది. అన్నయ్య చెయ్యి ఊపాడు, ఆమె చెప్పింది విన్నాననుకుని. తర్వాత అతను తిరిగి రాలేదు, ఆ మాట ఆమె దగ్గరే ఉండిపోయింది.

"ఆ రోజు మీరు మజ్జిగ కఢీ వడ్డిస్తున్నారు" అంది ఖేవనా, ఇంకో దొంతర దగ్గరికి లాక్కుంటూ. "నేను పప్పాని అడిగాను. నడియాద్‌లో ఆ గోడ తీసేయొచ్చా అని. పుస్తకం బొమ్మలో ఉందా అన్నారు. లేదన్నాను. మరి నన్నెందుకు అడుగుతావు అన్నారు. విన్నారు కదా మీరు?"

"విన్నాను."

"ఆ గోడ ఎవరు పెట్టించారో అప్పుడు మీకు తెలుసు."

కుముద్‌కు తెలుసు. కాని ఆ క్షణాన ఆమె మనసు కఢీలో బెల్లం ఎక్కువైందేమోనన్న దాని మీద ఉంది. పైగా ఇళ్ళ గురించి ఆ ఇంట్లో ఆమెను ఎవరూ ఏనాడూ అడగలేదు.

"ప్రిన్సిపాల్ అడిగితే చెబుతారా బా?"

బయట ఉయ్యాల కిర్రుమంటోంది. తలుపులు లేని ఇల్లు. ఆయన వింటున్నారు.

"పోనీలెండి" అంది ఖేవనా. "అన్నం పెట్టే చేతిని సాక్ష్యం అడగకూడదు."

ఆ మాట తిట్టయినా బాగుండేదనిపించింది కుముద్‌కు.

*

"నేను మరిచిపోయాను" అన్నారు నిరంజన్. కుముద్ ఉయ్యాల పక్కన వెదురు మోడా మీద కూర్చుని మెంతికూర ఒలుస్తోంది. ఆయన గొంతు తగ్గించి మాట్లాడారు. ఆ ఇంట్లో ఎంత తగ్గించాలో ఆయనకూ సరిగ్గా తెలియదు. "ఆ రోజు బల్ల దగ్గర నాకు గోడ గుర్తు రాలేదు కుముద్. నమ్ము. బొమ్మే గుర్తొచ్చింది. ఇన్నేళ్ళూ చెప్పి చెప్పి నా కళ్ళకు ఆ వసారాలో గోడ కనబడటం మానేసింది. చూపు పోకముందే మానేసింది."

కుముద్ చేతిలో కాడ విరిగింది.

"అయితే అదే రాయించండి."

"ఏమని? మతి తప్పిన ముసలాణ్ణి అనా? నా బొమ్మలు చూసి ఇళ్ళు కట్టుకున్నవాళ్ళు ఎంతమంది ఉన్నారో తెలుసా? ఒక్క పేజీ అబద్ధమంటే మిగతా పేజీల్ని ఎవరు నమ్ముతారు? నేను కట్టినవి పదో పన్నెండో ఇళ్ళు. మిగిలిందంతా ఆ పుస్తకమే, ఆ పిల్లలే."

"ఆ పిల్లల్లో ఖేవనా కూడా ఉంది."

"చిన్నది. ఇంకో ఉద్యోగం చూసుకుంటుంది."

"మీరు నాకు చెప్పినదే ఆమె ఎదురుగా చెప్పండి. మరిచిపోయానని. ఉద్యోగం పోయినా మనిషి ఉంటుంది ఇంట్లో."

నిరంజన్ మొహం పక్కకు తిప్పారు. భార్యను చూడటానికో, చూడకుండా ఉండటానికో కుముద్‌కు అంతుపట్టలేదు.

"ఖేవనా" అని పిలిచారు గట్టిగా. "కాగితం, కలం తీసుకుని రా. రాయాలి."

తాళ్ళ చుట్టతో అప్పుడే గడప ఎక్కిన సౌమిల్ అక్కడే ఆగిపోయాడు. "ఆమె చేతే రాయిస్తారా?"

"చూపు పోయినప్పటి నుంచి నా అక్షరం ఆమెదే. ఇంకొకరితో రాయిస్తే నా భాష నాకు దొరకదు."

"సిగ్గు లేదా పప్పా?"

"సౌమిల్" అంది ఖేవనా. "నేను రాస్తాను."

బల్ల మీద ఖాఖరా పొడి చేత్తో తుడిచి కాగితం పెట్టుకుంది. ఆయన కళ్ళు మూసుకున్నారు. వాక్యాలు ఎప్పటిలాగే తడుముకోకుండా, ఒక్క మాట దిద్దే అవసరం లేకుండా వచ్చాయి.

"నా పుస్తకంలోని నడియాద్ ఇంటి బొమ్మ ఒక ఆలోచనను చెప్పడానికి వేసినది. నిర్మాణానికో మరమ్మతుకో ఉద్దేశించినది కాదు. ఈ తేడా తెలియడం ఈ వృత్తిలో మొదటి అర్హత. గోడ తొలగించడం పూర్తిగా ఖేవనా నిర్ణయం. రాశావా?"

"రాశాను సర్."

"ఆ విషయంలో ఆమె నన్ను సంప్రదించలేదు."

కలం ఆగింది. లోపల తరులత మంచం చప్పుడు కూడా ఆగింది. కుముద్ ఒడిలో మెంతికూర అలాగే ఉంది. ఖేవనా మామగారి మొహంలోకి చూసింది. చాలాసేపు చూసింది. ఆయనకు ఆ చూపు తెలియదు, కలం చప్పుడు లేకపోవడం మాత్రమే తెలుసు.

"రాయి" అన్నారు.

రాసింది.

"చదివి వినిపించనా?"

"నువ్వు కాదు. రాసినవాళ్ళు చదవకూడదు. రాసినవాళ్ళకు లేనిది కూడా ఉన్నట్టే కనబడుతుంది. కుముద్ చదువుతుంది."

అది అచ్చాఫీసు నియమం. కుముద్ బడి చదువు నాలుగో తరగతితో ఆగింది. మిగతా చదువంతా ఎర్రట్ట పుస్తకం అచ్చు కాగితాల మీదే నేర్చుకుంది. ఆమె గట్టిగా చదివేది, ఆయన రాతప్రతిలో చూసుకునేవారు. కామా వస్తే కామా అనాలి, వాక్యం ముగిస్తే చుక్క అనాలి. ఒక్కటి మింగినా ఆయన ఒప్పుకునేవారు కాదు. అలా చదవడం ఆమె నాలుకకు జపంలా పట్టుకుంది.

చేతులు కొంగుకు తుడుచుకుని లేచింది. కాగితం అందుకుంది. కోడలి అక్షరాలు గుండ్రంగా, వరసగా, ఒక్క కొట్టివేత లేకుండా ఉన్నాయి. గడప దగ్గర సౌమిల్ ఒక కాలి బూటు విప్పి నిలబడ్డాడు.

"నా పుస్తకంలోని నడియాద్ ఇంటి బొమ్మ ఒక ఆలోచనను చెప్పడానికి వేసినది, చుక్క" అని మొదలుపెట్టింది. ఒక్క మాటా తప్పలేదు. నిరంజన్ తల ఊపుతున్నారు. ఉయ్యాల మెల్లగా ఊగుతోంది. "నిర్మాణానికో మరమ్మతుకో ఉద్దేశించినది కాదు, చుక్క. ఈ తేడా తెలియడం ఈ వృత్తిలో మొదటి అర్హత, చుక్క. గోడ తొలగించడం పూర్తిగా ఖేవనా నిర్ణయం, చుక్క."

చివరి వాక్యం మిగిలింది. కుముద్ దాన్ని చూసింది.

"గోడ తీసేయొచ్చా అని ఆమె నన్ను అడిగింది, కామా, మా ఇంటావిడ కఢీ వడ్డిస్తుండగా, చుక్క. పుస్తకం బొమ్మలో ఉందా అని నేనన్నాను, చుక్క. ఆ గోడ పెట్టించింది నేనే, చుక్క. నేను మరిచిపోయాను, చుక్క."

ఉయ్యాల ఆగింది.

సౌమిల్ తల్లి చేతిలో కాగితం వైపు చూశాడు, తర్వాత భార్య వైపు. ఖేవనా బల్ల అంచు పట్టుకుని ఉంది. తను ఏం రాసిందో తనకు తెలుసు. అత్తగారు చివర చదివిన నాలుగు వాక్యాల్లో ఒక్కటీ ఆ కాగితం మీద లేదు. వాటిలో చివరిదైతే ఆమె ఇప్పుడే మొదటిసారి వింటోంది.

"ఖేవనా" అన్నారు నిరంజన్. గొంతులో కోపం లేదు. అదే భయంగా ఉంది. "అది నువ్వు రాసిందేనా?"

ఖేవనా పెదవులు కదిలాయి. అవునంటే, చూపులేని మనిషి తనది కాని మాట కింద సంతకం పెడతాడు. కాదంటే, ఆ ఇంట్లో మొదటిసారి నోరు తెరిచిన మనిషిని తన చేత్తో అబద్ధాలకోరును చేసినట్టవుతుంది. కాగితం అడుగున కొంచెం ఖాళీ ఉంది. నాలుగు వాక్యాలు పట్టేంత.

"ఆమెనెందుకు అడుగుతారు?" అంది కుముద్. "చదివింది నేను. ఉన్నది ఉన్నట్టు చదివాను. మీరు పిల్లలకు చెప్పినట్టే."

లోపలి గదిలో స్టూలు మీది సాసరు చప్పుడైంది. తరులత చల్లారిన టీ అందుకుంటోంది.

బయట గేటు గడియ తీసిన చప్పుడు. ధోళకియా సాహెబ్ ఉన్నారా అని ప్రిన్సిపాల్ గొంతు.

నిరంజన్ కుడిచెయ్యి గాల్లోకి చాచారు. వేళ్ళు కలం కోసం వెతుకుతున్నాయి.

"సంతకం ఎక్కడ పెట్టాలో వేలు పట్టి చూపించు" అన్నారు.

ఎవరిని అడిగారో చెప్పలేదు. కలం ఖేవనా దగ్గర ఉంది, కాగితం కుముద్ దగ్గర ఉంది, ఆ నాలుగు వాక్యాలు ఇంకా కాగితం మీద లేవు. ఇద్దరిలో ఎవరూ కదల్లేదు.